బాబాయి డిస్కులో మూడు ఎక్స్‌లు: ఒక ప్రాజెక్టు డైరీ

శనివారం, పొద్దున

తెనాలిలో మా బాబాయికి ఒక డీటీపీ షాపు ఉండేది. ముందు భాగంలో శుభలేఖలు, విజిటింగ్ కార్డులు, వెనకాల తెర కట్టి ఫొటో స్టూడియో, మధ్యలో గోడకి ఆనించి నాలుగు సిస్టమ్స్ పెట్టి నెట్ సెంటర్. 2010లో మూసేశాడు. మిగిలింది ఒక 80 జీబీ హార్డ్ డిస్కు, వెడల్పాటి పట్టీ కేబుల్ పెట్టే పాత ఐడీఈ రకం, ఇన్నేళ్ళూ బీరువాలో పిన్ని పట్టుచీరల కింద హాయిగా పడుకుంది. ఇప్పుడు దాంతో పనిపడింది. ఊళ్ళో పద్యనాటకాల సమాజం వాళ్ళు సావనీర్ వేస్తున్నారు, 2007లో వాళ్ళు ఆడినప్పుడు ఫొటోలు తీసింది బాబాయే, ప్రింట్లు ఎవరి దగ్గరా సరిగ్గా లేవు, హార్మోనియం వాయించే పెద్దాయన ఫోన్ చేసి "మీ కంప్యూటర్లో ఉంటాయి గదయ్యా" అన్నాడంట. బాబాయి నాకు చేశాడు. నేను హైదరాబాద్‌లో చేసేది టెస్టింగ్ ఉద్యోగం, డేటా రికవరీ కాదు, ఆ తేడా మా ఇంట్లో ఎవరికీ పట్టదు.

ఒక మాట ముందే చెప్తా. ఈ డైరీలో ఫైల్ పేర్లన్నీ తెలుగు అక్షరాల్లోనే రాస్తున్నా, కావాలనే. ఎందుకో రెండో వారం ఎంట్రీలో వస్తుంది.

శనివారం, రాత్రి

డిస్కుని నేరుగా విండోస్ లాప్‌టాప్‌కి పెట్టలేదు. నెట్ సెంటర్‌లో తిరిగిన డిస్కు అంటే ఊరందరి పెన్‌డ్రైవ్‌లు నాకినట్టే లెక్క. లైనక్స్‌ని పెన్‌డ్రైవ్ మీద నుంచి బూట్ చేసి, ఐడీఈ నుంచి యూఎస్‌బీకి మార్చే అడాప్టర్ పెట్టి, డీడీరెస్క్యూ అనే ప్రోగ్రామ్‌తో మొత్తం డిస్కుకి ఒక ఇమేజ్, అంటే అచ్చు నకలు, తీశా. అడాప్టర్‌తో పాటు వచ్చిన పవర్ సప్లై గుయ్‌మంటా వేడెక్కింది, డిస్కు మధ్యమధ్యలో టక్ టక్ అని కొట్టుకుంది, ప్రతి టక్‌కీ నా గుండె ఒకసారి ఆగింది. ఏడు గంటలు పట్టింది. అక్కడక్కడా చదవలేని చోట్లు ఉన్నాయి గానీ చాలావరకు వచ్చేసింది. ఇక నుంచి పనంతా ఆ ఇమేజ్ మీదే, అదీ రీడ్ ఓన్లీగా, అంటే చదవడానికే తప్ప మార్చడానికి వీల్లేకుండా, మౌంట్ చేసుకుని. అసలు డిస్కు మళ్ళీ పట్టుచీరల కిందకి.

ఫైళ్ళ లిస్టు తీస్తే 41 వేల చిల్లర. పేర్లు చూస్తే ఏదో గూఢచారి ఆఫీసులో ఉన్నట్టు ఉంది. ఆరు అక్షరాలు, ఒక అలల గీత, ఒకటి అంకె. ఎఫ్‌ఐఎల్‌ఈ0007 చుక్క సీహెచ్‌కే. అండర్‌స్కోర్‌తో మొదలయ్యే డీఎస్‌సీ4417. ఎస్‌ఆర్‌కే మూడు ఎక్స్‌లు పీ65. చూడగానే చెయ్యి దురద పెడుతుంది, ఒక్కోటీ తెరిచి చూడాలనిపిస్తుంది.

ఆదివారం

భయపెట్టే పేర్లలో చాలావాటికి చప్పగా ఉండే కారణం ఉంది, అది తెలిస్తే సరదా సగం పోతుంది. అలల గీత వ్యవహారం డాస్ కాలం నాటిది. అప్పట్లో ఫైల్ పేరు 8 అక్షరాలు, చుక్క తర్వాత 3, అంతే. విండోస్ 95 నుంచి పొడుగు పేర్లు వచ్చినా పాత ప్రోగ్రాముల కోసం ప్రతి పొడుగు పేరుకీ వెనకాల ఒక పొట్టి పేరు పెట్టుకునేది, మొదటి ఆరు అక్షరాలు ఉంచి గీత పెట్టి నెంబరేస్తుంది. బాబాయి పాత డాస్ ప్రోగ్రామ్‌తో ఒకసారి కాపీ చేసినట్టున్నాడు, పొడుగు పేర్లు రాలిపోయి పొట్టివి మిగిలాయి. అంటే "శుభలేఖ లక్ష్మి వెంకటేష్ ఫైనల్" అన్న పేరు "శుభలే గీత 1" అయి కూర్చుంది. దాని పక్కనే గీత 2, గీత 3, గీత 4. ఎవరి పెళ్ళిదో ఎవరికి తెలుసు!

సీహెచ్‌కే ఫైళ్ళు కరెంటు పోయిన గుర్తులు. సిస్టమ్ సరిగ్గా ఆపకుండా ఆగిపోతే, తర్వాత డిస్కు చెక్ నడిచినప్పుడు ఏ ఫైల్‌కీ చెందని ముక్కల్ని ఏరి "ఫౌండ్ చుక్క 000" అనే ఫోల్డర్‌లో వరసగా నెంబర్లేసి పడేస్తుంది. మా షాపు యూపీఎస్ బ్యాటరీ ఎప్పుడూ చచ్చే ఉండేది కాబట్టి ఈ ఫోల్డర్లు తొమ్మిది ఉన్నాయి.

డీఎస్‌సీ ఫైళ్ళు కెమెరావి. కెమెరా కంపెనీలన్నీ ఒప్పుకున్న రూల్ ప్రకారం నాలుగు అక్షరాలు, నాలుగు అంకెలు. 9999 దాటితే మళ్ళీ 0001, అందుకే ఒకే పేరుతో రెండు వేర్వేరు పెళ్ళిళ్ళు దొరుకుతాయి. ముందు అండర్‌స్కోర్ వచ్చిందంటే ఎవరో దాచిపెట్టారని కాదు, కెమెరాలో కలర్ సెట్టింగ్ అడోబ్ ఆర్‌జీబీలో ఉందని అర్థం. ఇది నాకు ఇప్పుడే తెలిసింది, మొత్తం ప్రాజెక్టులో నాకు బాగా నచ్చిన పనికిరాని విషయం ఇదే.

ఇక మూడు ఎక్స్‌లు. లిస్టులో ఇవి బోలెడు. ఎస్‌ఆర్‌కే ఎక్స్ ఎక్స్ ఎక్స్, బీవీ ఎక్స్ ఎక్స్, ఎమ్‌ఎల్ ఐదు ఎక్స్‌లు. నెట్ సెంటర్ అని చెప్పాగా, నా అనుమానం ఎటు పోయిందో మీ అనుమానమూ అటే పోయుంటుంది. లిస్టు స్క్రీన్ మీద ఉండగా పిన్ని కాఫీ తెచ్చింది, కళ్ళజోడు సర్దుకుని చదివింది, ఒక్క మాట అనలేదు, గ్లాసు టేబుల్ మీద కొంచెం గట్టిగా పెట్టి వెళ్ళిపోయింది. నేను బాబాయిని పక్కకి పిలిచి అడిగా.

"ఏందిరా, అది బాకీ" అన్నాడు. "ఒక ఎక్స్ అంటే వంద. ఎవరన్నా కార్డులు తీసుకుపోయి తర్వాత ఇస్తానంటే ఫైల్ పేరులో ఎక్స్ కొట్టేవాడిని. ఇస్తే తీసేసేవాడిని."

"మరి ఐదు ఎక్స్‌లు?"

"అది మీ పిన్ని వాళ్ళ అన్నయ్య."

ఈ ముక్క వంటింట్లోకి వినపడేలా చెప్పాడు. పీ65 అంటే కార్డులు డిజైన్ చేసే పేజ్‌మేకర్ ఫైల్, తెరిస్తే అనూ అనే తెలుగు ఫాంట్లు లేక చెత్త అక్షరాలు తప్ప ఏం కనిపించవు. ఎస్‌ఆర్‌కే ఎవరో బాబాయికి గుర్తులేదు, 300 పోయినట్టే.

రెండో శనివారం

ఇప్పటిదాకా పేరు వింతగా ఉన్నా లోపల ఏమీ లేనివి. ఇవాళ నిజంగా విషం ఉన్నది తగిలింది.

షాపులో కస్టమర్ల పెన్‌డ్రైవ్‌లు మొత్తంగా కాపీ చేసి పెట్టే అలవాటు ఉండేది, ప్రింట్ మళ్ళీ అడుగుతారని. అలాంటి ఒక కాపీలో రీసైక్లర్ అనే ఫోల్డర్, దాని లోపల ఎస్ తర్వాత పెద్ద నెంబర్ల దండతో ఇంకో ఫోల్డర్, దాని లోపల ఒకే ఒక్క ఫైల్. పేరు జేడబ్ల్యూజీకేవీఎస్‌క్యూ చుక్క వీఎంఎక్స్. నోరు తిరగని పేరు, బాబాయికి తెలియదు, ఆయన బాకీ లెక్కలోకీ రాదు.

అందరూ చేసే తప్పు నేనూ చేశా. ఇంకో పెన్‌డ్రైవ్ కాపీలో ఇలాంటిదే అర్థంకాని పేరు ఒకటి ఉంటే సెర్చ్‌లో కొట్టా. ఏ పేరు కొట్టినా "ఇక్కడ డౌన్‌లోడ్ చేసుకోండి" అని ఆకుపచ్చ బటన్ పెట్టే పేజీలు వచ్చాయి. అనుమానం వచ్చి కీబోర్డు మీద పిచ్చిగా నాలుగు అక్షరాలు కొట్టి, నేనే పుట్టించిన పేరుతో ఒక పేజీ లోపల వెతికా, దానిక్కూడా డౌన్‌లోడ్ బటన్ ఉంది! మనం అడిగిన పేరుని అలాగే అచ్చేసి చూపిస్తున్నాయి, అంతే. వింత పేరు చూసి కుతూహలం పుట్టినవాడిని పట్టుకోవడానికే పెట్టిన వల. దాచిన ఫైల్‌ కంటే దాని కోసం వెతికే వాడికే ఎక్కువ ప్రమాదం ఉంది. అందుకే ఇక్కడ పేర్లు తెలుగులో రాస్తున్నా, ఎవరూ కాపీ కొట్టి వెతక్కుండా.

సరైన పద్ధతి ఏంటంటే పేరుతో వెతకొద్దు, హాష్‌తో వెతకాలి. ఫైల్ మొత్తాన్ని ఎస్‌హెచ్‌ఏ256 లెక్కలో పెడితే 64 అక్షరాల వేలిముద్ర లాంటిది వస్తుంది, పేరు ఎన్నిసార్లు మార్చినా అది మారదు, లోపల ఒక్క బిట్ మారితే పూర్తిగా మారిపోతుంది. ఆ ముద్రని అనుమానం ఉన్న ఫైళ్ళని పరీక్షించే వైరస్‌టోటల్ సైట్‌లో వెతికితే అంతకుముందు ఎవరైనా ఆ ఫైల్ పంపి ఉంటే దాని జాతకం వస్తుంది. ఫైల్‌ని అప్‌లోడ్ మాత్రం చేయలేదు. అక్కడ పెట్టినవి డబ్బు కట్టే సభ్యులు దించుకోగలరు, పక్కనే కస్టమర్ల బయోడేటాలు, ఓటరు కార్డు స్కాన్లు ఉన్న డిస్కుతో ఆ ఆటలు వద్దు.

జాతకం వచ్చింది. కాన్ఫికర్. 2008 నవంబర్‌లో బయటపడ్డ పురుగు, ప్రపంచమంతా లక్షల కంప్యూటర్లలోకి పాకింది, రాసినవాళ్ళని పట్టిస్తే 2,50,000 డాలర్లు ఇస్తామని మైక్రోసాఫ్ట్ 2009లో ప్రకటించింది. తెనాలిలో మా నాలుగు సిస్టమ్స్ దాకా వచ్చిందన్నమాట. దాని తెలివి చూడండి, పెన్‌డ్రైవ్‌లో ఆటోరన్ ఫైల్ ఒకటి పెడుతుంది, పెన్‌డ్రైవ్ గుచ్చగానే వచ్చే పెట్టెలో "ఫైళ్ళు చూడటానికి ఫోల్డర్ తెరవండి" అని ఫోల్డర్ బొమ్మతో ఒక లైన్ కనిపిస్తుంది, రోజూ నొక్కే లైన్ లాగే ఉంటుంది, నొక్కితే నడిచేది ఆ నోరు తిరగని వీఎంఎక్స్. అంటే వింత పేరు వెనకాల దాక్కుంది, మనకి చూపించిన ముఖం మాత్రం చాలా మామూలుది. 2011 ఫిబ్రవరిలో మైక్రోసాఫ్ట్ పాత విండోస్‌లకి కూడా అప్‌డేట్ పంపి పెన్‌డ్రైవ్‌ల మీద ఆటోరన్ ఆపేసింది. అప్పటికి బాబాయి షాపే మూసేశాడు.

ఆదివారం, మధ్యాహ్నం

నిన్నటి దాని తర్వాత పేర్లు నమ్మడం మానేసి ప్రతి ఫైల్‌కీ మొదటి నాలుగైదు బైట్లు చదివే చిన్న స్క్రిప్ట్ రాశా. ఫైల్ పేరు ఎవడైనా మారుస్తాడు, కానీ చాలా రకాల ఫైళ్ళు లోపల మొదట్లోనే తమ కులగోత్రాలు చెప్పేస్తాయి. జేపీజీ అయితే ఎఫ్‌ఎఫ్ డీ8 ఎఫ్‌ఎఫ్. ఫొటోషాప్ అయితే 8బీపీఎస్. జిప్ అయితే పీకే, అది రాసిన ఫిల్ కాట్జ్ పేరులో పొడి అక్షరాలు. విండోస్‌లో నడిచే ప్రోగ్రామ్ అయితే ఎంజెడ్, మైక్రోసాఫ్ట్ ఇంజనీర్ మార్క్ జ్బికోవ్‌స్కీ పొడి అక్షరాలు.

రిజల్ట్ చూసి నవ్వొచ్చింది. పేరు "న్యూ ఫోల్డర్", బొమ్మ పసుపుపచ్చ ఫోల్డర్, లోపల మొదటి రెండు అక్షరాలు ఎంజెడ్. ఇలాంటివి 212. ఆ కాలంలో నెట్ సెంటర్‌కి వెళ్ళిన ప్రతివాడికీ ఇది గుర్తుంటుంది, ఫోల్డర్ లోపల అదే పేరుతో ఇంకో ఫోల్డర్, నొక్కితే ఏమీ తెరుచుకోదు, సిస్టమ్ మాత్రం స్లో అవుతుంది. తెలిసిన రకాల ఫైళ్ళకి చుక్క తర్వాతి అక్షరాలు దాచిపెట్టడం విండోస్‌కి 95 నుంచీ ఉన్న అలవాటు, ఇప్పటికీ ఉంది. ఆ ఒక్క సెట్టింగ్ ఎన్ని కొంపలు ముంచిందో. 2000 మే నెలలో ఐలవ్యూ వైరస్ నడిచింది దీని మీదే, "లవ్ లెటర్ ఫర్ యూ చుక్క టీఎక్స్‌టీ" అని కనిపిస్తుంది, తర్వాత ఉన్న వీబీఎస్, అంటే ఇది నడిచే స్క్రిప్ట్ అని చెప్పే ముక్క, కనపడదు. ప్రేమలేఖ అనుకుని నొక్కారు జనం, అది వాళ్ళ జేపీజీ ఫొటోల మీద తననే రాసేసుకుంది.

సాయంత్రం

డిస్కు పని ఆగింది, ఎందుకంటే ఇంట్లోనే ఇంకోటి మొదలైంది. పిన్ని వాళ్ళ వాట్సాప్ గ్రూపులో పెళ్ళి పిలుపు వచ్చింది. పంపింది తెలిసిన నెంబరే, ఆ గ్రూపులో ఉండే వాళ్ళ చుట్టమే. ఫైల్ పేరు శుభ్రంగా "వెడ్డింగ్ ఇన్విటేషన్", చుక్క తర్వాత ఏపీకే. పిన్ని నొక్కబోతూ, "ఇదేందిరా, ఇన్‌స్టాల్ అంటోంది?" అని అడిగింది కాబట్టి సరిపోయింది.

శుభలేఖ అంటే బొమ్మో పీడీఎఫో అవ్వాలి. ఏపీకే అంటే ఆండ్రాయిడ్ యాప్. దాన్ని నా లైనక్స్‌లోకి తెచ్చి చూస్తే మొదట్లో పీకే, జిప్ లాగా విప్పొచ్చు, లోపల అనుమతుల లిస్టులో ఎస్ఎంఎస్ చదవాలి, వచ్చే ఎస్ఎంఎస్ పట్టుకోవాలి అని ఉంది. పెళ్ళి పిలుపుకి మన ఓటీపీలతో ఏం పని? పంపిన చుట్టానికి ఫోన్ చేస్తే ఆయనకి ఈ సంగతే తెలియదు, ఆయన ఫోన్ అప్పటికే పట్టుబడింది, దాని లోంచి అదే గ్రూపులన్నిటికీ వెళ్తోంది. నెట్ ఆపేయమని, బ్యాంకుకి చెప్పమని, సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి కాల్ చేయమని చెప్పా. 2024 చివరి నుంచి పోలీసులు ఈ పెళ్ళికార్డు ఫైళ్ళ గురించి చెప్తూనే ఉన్నారు, చలాన్లు, ప్రభుత్వ పథకాల పేర్లతో కూడా ఇవే తిరుగుతున్నాయి.

బాబాయి ఈ గొడవంతా విని చాలాసేపు మాట్లాడలేదు. ఇరవై ఏళ్ళు శుభలేఖలు అచ్చేసి బతికినాయన. తర్వాత, "పసుపు కూడా పెట్టకుండా పంపినప్పుడే తెలియాల" అన్నాడు.

మూడో శనివారం

ఈ డిస్కులో ఒక్కటి మాత్రం మిగిలిపోయింది. ఎన్‌కే7 చుక్క ఆర్‌ఏఆర్, 38 ఎంబీ, నెట్ సెంటర్ మూడో సిస్టమ్‌లో ఎవరో పెట్టిపోయిన ఫోల్డర్ కాపీలో. మొదటి బైట్లు చూస్తే నిజంగానే రార్, జిప్ లాగే ఫైళ్ళని ఒక మూటగా కట్టే రకం. ఇది చూడటం ముఖ్యం, ఎందుకంటే ఆ మూటలు విప్పే విన్‌రార్‌లో ఒక పాత లోపం 19 ఏళ్ళ పాటు ఉండిపోయి 2019లో బయటపడింది, ఏస్ అనే వేరే రకం ఫైల్‌కి రార్ అని పేరు మార్చి ఇస్తే, విప్పగానే మనం చెప్పిన చోట కాకుండా సిస్టమ్ ఆన్ అవగానే వాటంతటవే నడిచేవి ఉండే విండోస్ స్టార్టప్ ఫోల్డర్‌లో ఒక ప్రోగ్రామ్ పెట్టేసేది. ఇది అది కాదు. తెరవబోతే పాస్‌వర్డ్ అడిగింది. లోపలి ఫైళ్ళ పేర్లు కూడా కనపడకుండా లాక్ చేశారు. అంటే చేసినవాడికి పని తెలుసు.

చెప్పొద్దూ, రెండు గంటలు దాని మీదే కూర్చున్నా. ఎన్‌కే అంటే ఎవరు? 7 అంటే మిగతా ఆరు ఎక్కడ? మూసి ఉన్న ఫైల్‌కి ఉన్న ఆకర్షణ తెరిచిన దానికి ఉండదు. 2010 జూలైలో రహస్య పత్రాలు బయటపెట్టే వికీలీక్స్ వాళ్ళు అఫ్గాన్ యుద్ధం పత్రాలతో పాటు "ఇన్సూరెన్స్ చుక్క ఏఈఎస్256" అని 1.4 జీబీ ఫైల్ ఒకటి పెట్టారు, ఏముందో చెప్పలేదు, తాళం ఇవ్వలేదు, ఊరికే అక్కడ ఉంచారు. లోకమంతా దించుకుని దాచుకుంది. అందులో ఏముందో తెలియకపోవడమే దాని బలం, పేరులోనే చెప్పేశారు, అది బీమా అని.

పాస్‌వర్డ్‌లు వరసగా కొట్టి చూసే టూల్స్ ఉన్నాయి, 2000ల్లో నెట్ సెంటర్‌కి వచ్చినవాడు పెట్టే పాస్‌వర్డ్ ఎంత గొప్పదుంటుంది, ఫోన్ నెంబరో ప్రేమించిన అమ్మాయి పేరో. కమాండ్ టైప్ చేసి ఎంటర్ కొట్టబోతుంటే బాబాయి వెనక నుంచి, "మనది కాదు గదరా" అన్నాడు. అంతే. రీడ్ ఓన్లీ పక్కన పెట్టి, ఇమేజ్‌లో ఆ ఫోల్డర్‌తో పాటు బయోడేటాలు, కార్డుల స్కాన్లు, కస్టమర్ల పెన్‌డ్రైవ్ కాపీలు అన్నీ తీసేశా. అసలు డిస్కు ఏం చేయాలో ఇంకా తేలలేదు. డ్రిల్లు పెట్టి బొక్క కొడదామంటే బాబాయి మొహం చూడలేకపోతున్నా.

ఆదివారం

అసలు పని. నాటకం ఫొటోలు మామూలు ఫోల్డర్లలో లేవు, ఎప్పుడో జాగా చాలక బాబాయే డిలీట్ చేశాడు. డిలీట్ అయినవి వెతికి తీసే ఫొటోరెక్ నడిపా. ఇది ఫైళ్ళ పేర్లని అస్సలు పట్టించుకోదు, డిస్కులో ఒక్కో బ్లాకూ చదువుకుంటా పోతూ ఎక్కడ జేపీజీ మొదలైన గుర్తు కనిపిస్తే అక్కడి నుంచి ఏరుతుంది. పేరు పోయింది కాబట్టి ఎఫ్ అని పెట్టి దొరికిన సెక్టార్ నెంబర్ పక్కన వేస్తుంది. ఇన్ని రోజుల వింత పేర్లలో నిజంగా నిజాయితీ ఉన్న పేరు ఇదొక్కటే, నాకు తెలిసింది ఈ చోటు మాత్రమే అంటుంది.

11 వేల బొమ్మలు. వాటిలో పాస్‌పోర్టు ఫొటోలే సగం. కిరీటాలు, గదలు కనిపించినవి వేరు చేస్తే 174. కొన్ని సగం వచ్చి కింద బూడిదరంగు. రాయబారం సీన్లో కృష్ణుడు చెయ్యెత్తి రాగం తీస్తున్న ఫొటో ఒకటి నిండుగా వచ్చింది, పక్కన హార్మోనియం మీద వంగి ఆ పెద్దాయన, జుట్టు ఇంకా నల్లగా ఉంది. బాబాయి కుర్చీ దగ్గరికి జరుపుకుని, ఎవరెవరో చెప్పడం మొదలుపెట్టాడు. నేను ఎఫ్ నెంబర్లు తీసేసి ఆయన చెప్పిన పేర్లు పెట్టుకుంటూ పోయా. ముగ్గురు ఇప్పుడు లేరు, వాళ్ళ దగ్గర కొంచెం ఆగి చెప్పాడు. రాత్రి పదకొండు దాటింది.

సోమవారం, పొద్దున బస్సుకి ముందు

వాట్సాప్‌లో మామూలుగా పంపితే బొమ్మ నలిగిపోతుంది, పేరూ మారిపోతుంది, అందుకని అన్నీ ఒక జిప్‌లో కట్టి డాక్యుమెంట్‌గా పంపుదామన్నా. జిప్‌కి పేరు బాబాయే పెట్టాడు, నేను స్నానానికి వెళ్ళినప్పుడు. పంపింది కూడా ఆయనే. వచ్చేసరికి ఫోన్ స్పీకర్‌లో హార్మోనియం పెద్దాయన.

"ఏమయ్యా, ఏందో నాలుగు ఎక్స్‌లని వచ్చింది నీ నెంబర్ నుంచి. మా మనవడు చెప్పాడు, ఇట్టాంటివి నొక్కొద్దని. నీ ఫోన్ ఎవరన్నా పట్టుకున్నారా ఏంది?"

"నేనే పంపా. నాటకం ఫొటోలు."

"మరి ఆ ఎక్స్‌లేందయ్యా?"

"2007లో ప్రింట్లు తీసుకుపోయారు గుర్తుందా, తర్వాత ఇస్తామని."

అవతల కాసేపు ఏమీ వినపడలేదు. తర్వాత, "నొక్కమంటావా వద్దా?" అన్నాడు పెద్దాయన.